పద్నాలుగో నంబరు

తెర మీద ఉన్న కోడలు దూదికి స్పిరిట్ అద్ది కుర్చీ చేతులు తుడుస్తోంది. తెర ముందు నిలబడిన కోడలు తన చేతుల్ని వీపు వెనక దాచుకుంది.

గదిలో నలుగురున్నారు. ఒకరి మొహం ఒకరు చూడడం లేదు.

ఎనిమిది రోజులుగా జనమంతా చూసింది పంతొమ్మిది సెకన్ల ముక్క. అందులో కోడలు, తను పనిచేసే రక్తపరీక్షల ల్యాబులో, రోడ్లు ఊడ్చే ఒకావిడ మీద విరుచుకుపడుతుంది. "ముందెళ్ళి చేతులు కడుక్కురా. ఇది నీ చెత్తబండి కాదు." లక్షలమంది చూశారు. అందులో వేలమంది ఆమె మీద పడ్డారు. ల్యాబు యజమాని "శుక్రవారం దాకా ఇంటి పట్టున ఉండమ్మా, ఆ తర్వాత చూద్దాం" అన్నాడు.

ఇవాళే ఆ శుక్రవారం.

ల్యాబు కెమెరా పట్టిన మొత్తం వీడియో, కాళ్ళావేళ్ళా పడితే, మధ్యాహ్నం చేతికొచ్చింది. పదకొండు నిమిషాలు. సాయంత్రం ఆరింటికి దాన్ని తన కార్యక్రమంలో చూపిస్తానని కోడలి భర్త మూడు రోజులుగా చాటింపు వేస్తున్నారు.

ఆయన్ని వీధిలో అందరూ మాస్టారంటారు. ఒకప్పుడు లెక్కలు చెప్పేవారు. ఇప్పుడు ఆయన పని ఒక్కటే. ఇంటర్నెట్‌లో న్యాయం పేరుతో గుంపు కూడి ఎవరినైనా రచ్చకీడిస్తే, ఆ గుంపు చూపించిన ముక్కకు ముందేం జరిగిందో, వెనకేం జరిగిందో తవ్వి తెచ్చి చూపిస్తారు. కార్యక్రమం పేరు 'ముందూ వెనకా'. మూడేళ్ళుగా ఒక్క సెకను కూడా కత్తిరించకుండా నడుపుతున్నారు. మధ్యలో దగ్గొస్తే దగ్గు కూడా ఉంచేస్తారు.

తెర మీద వీడియో అయిపోయింది. చివరి బొమ్మ అలాగే నిలిచిపోయింది. ఖాళీ కుర్చీ, దాని మీద వంగి రెండోసారి తుడుస్తున్న కోడలు.

"నువ్వు చెప్పింది ఇది కాదే," అన్నారు మాస్టారు.

"ఆవిడే ముందు అరిచిందన్నాను. అరిచింది. మీరూ చూశారుగా."

"ఆరో నిమిషంలో అరిచింది! అంతకు ముందు ఐదు నిమిషాలు నువ్వేం చేశావో అది చెప్పావా?"

కోడలు చెప్పలేదు. నిజానికి ఆమెకే గుర్తులేదు. గుర్తు లేదని ఈ ఎనిమిది రోజులూ తనకు తనే చెప్పుకుంది. చెప్పుకోగా చెప్పుకోగా అబద్ధానికి కూడా ఎముకలొస్తాయి.

కెమెరాకు మాత్రం గుర్తుంది. పదమూడో నంబరు పిలిచింది. తర్వాత తలెత్తి వరసలో ఉన్న ఊడ్చే మనిషిని చూసింది. చూసి, పదిహేను పిలిచింది. పదహారు పిలిచింది. పదిహేడు పిలిచింది. చేతిలో పద్నాలుగో నంబరు చీటీ పట్టుకున్న మనిషి మూడుసార్లు మెల్లగా, "నా నంబరు దాటిపోయిందమ్మా" అంది. నాలుగోసారి లేచి బల్ల మీద చరిచింది. "నన్నెందుకు పిలవరు?" ఆ అరుపు తర్వాతే ఆ పంతొమ్మిది సెకన్లు.

వాటి తర్వాత జరిగింది లోకం ఇంకా చూడలేదు. ఆవిడ వెళ్ళి చేతులు కడుక్కొచ్చింది. తడి చేతులు రెండూ ముందుకు చాపి, అటూ ఇటూ తిప్పి, బళ్ళో పిల్లలు గోళ్ళు చూపించినట్టు చూపించింది. కోడలు సరేనన్నట్టు తలూపి, రక్తం తీసి, ఆవిడ వెళ్ళాక కుర్చీ తుడిచింది.

"వాసనొచ్చింది," అంది కోడలు. ఎవరూ అడగలేదు. తనే చెప్పింది. "కాలవ పని చేసి వచ్చినట్టుంది. లోపల కూర్చోబెడితే మిగతావాళ్ళు గొడవ చేస్తారనుకున్నా. కాసేపు పిలవకపోతే తనే పోతుందనుకున్నా."

గుమ్మం దగ్గర మడతమంచం మీద కూర్చున్న అత్తగారు అప్పుడు కదిలారు.

"ఆస్పత్రిలో పురుళ్ళ వార్డు దుప్పట్లు ఇరవై రెండేళ్ళు ఉతికాను నేను," అన్నారామె. "అటునుంచి అటే వీడి బడికి వెళ్ళి ఫీజు కట్టేదాన్ని. ఎట్లా ఉండేదాన్నో నీకు తెలీదులే. ఆ వేషంలో నీ ల్యాబుకొస్తే నన్ను ఎన్నో నంబరు దాకా కూర్చోబెట్టేదానివి, అమ్మాయ్?"

"అత్తయ్యా, మీరూ ఆవిడా ఒకటా?"

అనేశాక తెలిసింది ఏమన్నదో.

"కాదులే. ఆవిడ బల్ల చరిచింది. నాకు అంత దమ్ము లేకపోయింది," అని అత్తగారు లేచి లోపలికెళ్ళిపోయారు. వంటగదిలో గిన్నె ఒకటి మామూలు కంటే గట్టిగా చప్పుడైంది.

మాస్టారు కుర్చీ లాక్కుని చెల్లెలి పక్కన కూర్చున్నారు. కోడలికి ఆడపడుచైన ఆమె పెళ్ళిళ్ళ వీడియోలు కూర్చే స్టూడియోలో పనిచేస్తుంది. అన్నగారి కార్యక్రమం కెమెరా వెనక పనంతా ఆమెదే.

"ఆరో నిమిషం దగ్గరికి పద," అన్నారు. "ఆవిడ లేచే చోటు నుంచి మొదలుపెట్టు. చేతులు కడగడానికి వెళ్ళేముందు ముగించు. ఎంతొస్తుంది?"

ఆడపడుచు మౌస్ మీది చెయ్యి తీసేసింది. "ఒక నిమిషం పది సెకన్లు. అన్నయ్యా, నువ్వు కత్తిరించమంటున్నావా?"

"కత్తిరించడం కాదు. మొదలుపెట్టే చోటు ఎంచుకోవడం."

"ఆ పంతొమ్మిది సెకన్లు పెట్టినవాళ్ళు చేసిందీ అదేగా! పాపం వాళ్ళూ కత్తిరించలేదు. చోటు ఎంచుకున్నారు."

"నాకు పాఠాలు చెప్పకు."

"లెక్కల మాస్టారివి నువ్వు. పదకొండులోంచి ఒకటి తీసి, మొత్తం ఇదేనంటావా?"

మాస్టారు బల్ల మీద చెయ్యి వేశారు. కొట్టలేదు, వేశారంతే. ఆయన కోపం వస్తే గొంతు తగ్గిస్తారు. అది ఇంట్లో అందరికీ తెలుసు.

"బస్సు కండక్టరు గుర్తున్నాడా? ముసలాయన్ని బస్సులోంచి తోశాడని పద్దెనిమిది రోజులు కాల్చుకుతిన్నారు. మొత్తం వీడియో మనం చూపిస్తే కదా తెలిసింది, తోయలేదు, పడిపోతుంటే పట్టుకున్నాడని! ఉద్యోగం తిరిగొచ్చింది. ఇప్పటికీ వారం వారం ఫోను చేస్తాడు. అట్లాంటి కుటుంబాలు పదహారున్నాయి మన వెనక. ఇవాళ ఇది మొత్తం చూపించామనుకో. మాస్టారి ఇంట్లో మనిషే ఇలాంటిదైతే, మాస్టారు వెనకేసుకొచ్చినవాళ్ళంతా ఇలాంటివాళ్ళేనంటారు. రేపు మళ్ళీ ఆ కండక్టరు మీద పడతారు. పడరా? చెప్పు."

పడతారని ఆడపడుచుకూ తెలుసు.

కోడలికి భర్త మీద పుట్టెడు కోపంగా ఉంది. అయినా ఆ మాటలో నిజముందని ఆమె కాదనలేకపోయింది. ఆ గుంపు సంగతి ఆమెకు ఇప్పుడు ఎవరూ చెప్పక్కర్లేదు. ఎనిమిది రోజుల్లో ఆమె ఫోనులోకి వచ్చిన తిట్లు పోగేస్తే ఇల్లు నిండుతుంది. తిట్టినవాళ్ళలో చాలామంది పేర్ల పక్కన సమానత్వం గురించిన సూక్తులున్నాయి. ఒకాయన 'మనుషుల్ని మనుషులుగా చూడండి' అని రాసుకున్న పేరుతోనే, ఆమెను ఏ జంతువుతో పోల్చాలా అని ఓటింగు పెట్టాడు.

"నేను క్షమాపణ అడుగుతాను," అంది కోడలు.

మాస్టారు వెనక్కి తిరిగారు. "ఏంటీ?"

"తప్పు చేశాను. అడుగుతాను."

"మూడేళ్ళుగా నేను గొంతు చించుకుంటున్నది దేని గురించి? గుంపుకి క్షమాపణ చెప్పొద్దు. ఒక్క మెట్టు దిగితే పాతాళం దాకా దింపుతారు. ఇంటర్నెట్‌లో తోటపని నేర్పే ఆ అమ్మాయి క్షమాపణ చెప్పింది, ఏమైంది? చెప్పిన తీరు బాలేదని మళ్ళీ కొత్తగా మొదలుపెట్టారు!"

"గుంపుకి కాదండీ. ఆవిడకి."

"ఆవిడ ఎవరో నీకు తెలుసా?"

"మీకు తెలుసా? మూడు రోజులుగా ఆవిడ వీడియో చూపిస్తా చూపిస్తా అంటున్నారు. ఆవిడని ఒక్క మాట అడిగారా?"

"ఆ ముక్క పెట్టిన న్యాయం పిల్లలు అడిగారా?"

"నేను మిమ్మల్ని అడుగుతున్నా."

మాస్టారు మళ్ళీ తెర వైపు తిరిగిపోయారు. ఆయన తిరిగిన తీరు చూస్తే మాట అయిపోయినట్టే.

కోడలు ఫోను తీసుకుని పెరటి మెట్ల మీదికి వెళ్ళింది. ల్యాబులో చీటీలిచ్చే అమ్మాయికి చేసింది. ఆ అమ్మాయి ముందు వినపడనట్టు నటించింది, తర్వాత భయపడింది, చివరికి "నా పేరు రానివ్వకక్కా" అంటూ రిజిస్టరు తెరిచి పద్నాలుగో నంబరు ఎదురుగా ఉన్న ఫోను నంబరు చదివింది.

ఐదుసార్లు మోగాక ఎత్తారు. అవతల ఇనప చక్రాలు రోడ్డు మీద గరగరలాడుతున్నాయి.

"ఎవరు?"

"నేను... ల్యాబు నుంచి. ఆ రోజు రక్తం తీశాను కదండీ."

చక్రాల చప్పుడు ఆగింది.

"ఓహో, మీరా. ఏం, ఇంకోసారి కడుక్కోవాలా చేతులు?"

కోడలు మెట్టు అంచు పట్టుకుంది. "మిమ్మల్ని కావాలనే పిలవలేదు. నా తప్పు. అది చెప్పాలని..."

"కావాలని పిలవలేదని నాకు ఆ రోజే తెలుసమ్మా. కుర్చీలో కూర్చున్నది నేనేగా. కొత్త కబురేం కాదది."

"మిమ్మల్ని క్షమించమని..."

"అది ఇప్పుడు నా దగ్గర లేదు. రోడ్డు సగం ఊడ్చేది మిగిలుంది. ఇంకేమైనా ఉందా?"

పెట్టేస్తుందేమోనని కోడలు గబగబా అంది. "ఇవాళ సాయంత్రం మా ఆయన ఆ వీడియో చూపిస్తానంటున్నారు."

"విన్నాను. మొన్న నలుగురు పిల్లలొచ్చారు, ఫోన్లు పట్టుకుని. మీ మీద పోరాడుతున్నారట, నా కోసం. నాకు డ్యూటీ అయిపోయి చీపురు లోపల పెట్టేశా. మళ్ళీ తెచ్చి పట్టుకుని నిలబడమన్నారు. చీపురు లేకపోతే నేనెవరో జనానికి తెలీదంట. 'మీ గొంతు మేమవుతాం అక్కా' అంది అందులో ఒక పిల్ల. నాకు గొంతు బానే ఉంది కదమ్మా? మీరు విన్నారుగా!"

కోడలికి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. రెండూ చేయలేదు.

"మొత్తం చూపిస్తే మీకు న్యాయం జరుగుతుందేమో. మీరు ఎంతసేపు ఓపిక పట్టారో అందులో ఉంది," అంది.

"ఇంకేం ఉంది అందులో?"

కోడలు ఫోను రెండో చెవికి మార్చుకుంది.

"చేతులు చాపి చూపించానే, అది ఉందా?"

"ఉంది."

అవతల ఎవరో బండి పక్కకు తీయమని హారను కొట్టారు. ఆవిడ తీయలేదు కాబోలు, మళ్ళీ కొట్టారు.

"అది చూపించొద్దు," అందావిడ. గొంతులో వెటకారం పోయింది. "మా అబ్బాయి చూడకూడదు. అమ్మ ఎవడికీ తలొంచదని వాడు ఊరంతా చెప్పుకుంటాడు. ఆ రోజు నాకు రక్తపరీక్ష కావాలి, అందుకని చాపాను. అదొక్కటీ చాపకుండా ఉండాల్సింది. మీరు తిట్టింది ఊరంతా చూసింది, చూడనీ. ఆ చేతులు మాత్రం మీకూ నాకూ మధ్య ఉండాలి. ఉంచుతారా?"

"ఉంచుతాను."

"మాటలు బానే చెప్తారు," అని ఆవిడ ఫోను పెట్టేసింది.

కోడలు గదిలోకి వచ్చేసరికి ఆరింటికి ఇంకా ఇరవై నిమిషాలున్నాయి. దీపాలు సర్దుతున్నారు. మాస్టారు ఇస్త్రీ చొక్కా వేసుకుని గుండీలు పెట్టుకుంటున్నారు. ఆమె జరిగిందంతా చెప్పింది. ఆయన మొహంలో ఎనిమిది రోజుల తర్వాత మొదటిసారి వెలుగొచ్చింది.

"చూశావా? ఆవిడే వద్దంది! మనం వేసే నిమిషం పది సెకన్లలో ఆ చేతుల ముక్క లేదుగా. ఆవిడకీ మేలే, మనకీ మేలే."

కోడలు భర్తను అలా చూస్తూ ఉండిపోయింది. ఆవిడ బతిమాలి అడిగిన దాన్ని ఈయన రెండు సెకన్లలో తన జేబులో వేసుకున్నారు.

"మీ ముక్కలో ఏముంటుందో తెలుసా?" అంది. "ఆవిడ బల్ల చరిచి అరవడం ఉంటుంది. ఎందుకు అరిచిందో ఉండదు. రేపు పొద్దున్నుంచి మీవాళ్ళు ఆవిడ వెంట పడతారు."

"మనవాళ్ళు అట్లాంటివాళ్ళు కాదు."

"ఆ పంతొమ్మిది సెకన్లు తీసిన కాలేజీ పిల్ల ఇంటి చిరునామా మొన్న మీ కార్యక్రమం కింద కామెంట్లలో పెట్టింది ఎవరు? న్యాయం పిల్లలా?"

ఆడపడుచు దీపం సర్దడం ఆపి అన్నగారిని చూసింది. "చిరునామానా? నాకు చెప్పలేదే."

"తీసేశాను," అన్నారు మాస్టారు.

"ఎప్పుడు తీశారు?" అంది కోడలు.

"మర్నాడు."

ఒక్కోసారి మనిషి చెప్పిన నిజమే వాడి గొంతులో ముల్లులా అడ్డం పడుతుంది. మాస్టారు పై గుండీ పెట్టుకుని, విప్పి, మళ్ళీ పెట్టుకున్నారు.

"సరే," అన్నారు చివరికి, బాగా తగ్గిన గొంతుతో. "ఏ వీడియో వేయను. మొత్తమూ వద్దు, ముక్కా వద్దు. నీ మాట, ఆవిడ మాట, ఇద్దరిదీ నెగ్గింది. కానీ చూపిస్తానని మాటిచ్చి చేతులూపుకుంటూ కూర్చుంటే నన్ను బతకనివ్వరు. నువ్వు నా పక్కన కూర్చో. ఒక్క ప్రశ్న అడుగుతా. ముందు గొంతు లేపింది ఎవరని. ఒక్క మాటలో జవాబు చెప్పు. అది అబద్ధం కాదుగా?"

"కాదు."

"అంతే. నేనేం అబద్ధం చెప్పమనడం లేదు. కూర్చోనంటే మాత్రం ఆ నిమిషం పది సెకన్లు వేయక తప్పదు. ఆలోచించుకో."

ఆలోచించుకోవడానికి పన్నెండు నిమిషాలున్నాయి. ముందు నుయ్యి, వెనక గొయ్యి. కూర్చోకపోతే పద్నాలుగో నంబరు మనిషి మీదికి ఇంకో గుంపు పోతుంది. కూర్చుంటే తన నోటితోనే ఆవిడ మీద నేరం మోపాలి, అదీ నిజం చెబుతూనే.

అత్తగారు గుమ్మంలోకి వచ్చి నిలబడ్డారు. ఎప్పటినుంచి వింటున్నారో ఎవరికీ తెలియదు.

"కూర్చోవమ్మా," అన్నారు. "జవాబు చెప్పేది నువ్వేగా. వాడు అడగడం వరకే."

కోడలు కూర్చుంది.

ఆరు గంటలు. కెమెరా మీద ఎర్రచుక్క వెలిగింది. చూస్తున్నవారి లెక్క పక్కన చిన్న తెర మీద ఎగబాకుతోంది: పదివేలు, పంతొమ్మిది వేలు, ముప్ఫై దాటింది. కింద అప్పుడే తిట్లు, పొగడ్తలు కలిసి వరదలా పారుతున్నాయి. మాస్టారు నమస్కరించారు. న్యాయం పేరు చెప్పే గుంపు గొంతు కోటలు దాటుతుందనీ, వాళ్ళ వేలు మాత్రం ఎప్పుడూ ఎదుటివాళ్ళ వైపే ఉంటుందనీ, ఒక మనిషిని నాశనం చేయడానికి పంతొమ్మిది సెకన్లు చాలని వాళ్ళు నమ్ముతారనీ చెప్పారు. బాగా చెప్పారు. ప్రతి మాటా నిజమే.

"వీడియో చూపిస్తానన్నాను. ఆ తల్లి గౌరవం కోసం చూపించడం లేదు," అన్నారు. "దానికి బదులు ఒక్కటే ప్రశ్న. మీ అందరి ముందూ అడుగుతున్నా."

ఆయన భార్య వైపు తిరిగారు.

"ఆ రోజు ల్యాబులో ముందు గొంతు లేపింది ఎవరు?"

"ఆవిడే," అంది కోడలు.

మాస్టారి భుజాలు దిగాయి. ఆయన మళ్ళీ కెమెరా వైపు తిరగబోయారు.

"అంతకు ముందు నేను పదిహేనో నంబరు పిలిచాను," అంది కోడలు. "పదహారు పిలిచాను. పదిహేడు పిలిచాను. ఆవిడది పద్నాలుగు."

మాస్టారు కదల్లేదు. చిన్న తెర మీద వరద ఒక్క క్షణం నిలిచినట్టే నిలిచి, రెండింతలై విరుచుకుపడింది.

"ఆవిడ మూడుసార్లు మర్యాదగా అడిగింది. నాకు వినపడింది. వినపడనట్టు..."

"అన్నయ్యా." కెమెరా వెనక నుంచి ఆడపడుచు గొంతు. ఆమె వేలు మీట మీద ఉంది. "కట్ చేయమంటావా?"

ఆ మాట కూడా మైకులోకి వెళ్ళింది. నలభై వేలమంది విన్నారు. మూడేళ్ళలో ఆ గదిలోంచి ఆ ప్రశ్న బయటికి వెళ్ళడం అదే మొదటిసారి.

మాస్టారు చెల్లెలిని చూశారు. భార్యను చూశారు. ఆమె ఇంకా ఆయన వైపే చూస్తోంది, మిగతా మాట నోట్లో పెట్టుకుని.

ఆయన చెయ్యి పైకి లేచింది. ఆపమనడానికో, కానివ్వమనడానికో, గదిలో ఎవరికీ అర్థం కాలేదు.